ఏడు గంటల ఉరుము

మాంతా రేవులో సాయంత్రం ఏడింటికి
ట్యూనా వాసన కూడా కాసేపు ఆగుతుంది.
పెద్దమ్మ హెర్లిండా చేతులకి నిమ్మచెక్క రుద్దుకుని
ప్లాస్టిక్ కుర్చీని టీవీ ముందుకి ఈడుస్తుంది.
"మాట్లాడకు, బెల్లు కొట్టేశారు" అంటుంది
అరవై ఒక్కేళ్ళ పిల్ల,
మూడో తరగతి దాటని పిల్ల.

బెల్లు కొట్టింది సాన్ ఎలోయ్ కాలేజీలో.
అక్కడ పదహారేళ్ళ వాళ్ళందరికీ ముప్ఫై ఏళ్ళుంటాయి.
లెక్కల పరీక్ష ఎవరూ రాయరు.
ప్రిన్సిపాలే సగం క్లాసుకి తండ్రి,
మిగతా సగం మీద కూడా అనుమానమే.
తలుపులన్నీ మూసిన గదిలోనూ
రెనాటా జుట్టుకి మాత్రం గాలి వీస్తుంది.
గోరంత మాటకి కొండంత ఉరుము:
"నా పెన్సిల్ తీసింది నువ్వే" అంటే చాలు
కెమెరా మూడుసార్లు ముఖాల మీదికి దూకుతుంది.
ఒకసారి రెనాటా, ఒకసారి తదియో,
మూడోసారి, ఎందుకో తెలీదు, గోడ మీది గుర్రం బొమ్మ.
చెంపదెబ్బకి ఉంగరం ఎగిరి ఈతకొలనులో పడితే
ఆ అలలు రెండు ఎపిసోడ్లు.

నవ్వుకోడానికే చూడ్డం మొదలుపెట్టాను నేను.
చదువుకున్నదాన్ని కదా, ఆర్నెల్లు నర్సింగు.
కోమాలో ఉన్న తదియోకి బుగ్గల మీద రంగెందుకని,
ముక్కులో గొట్టం రెండో కొస ఎక్కడికీ పోదని,
చూడు పెద్దమ్మా, మంచం కింద వేలాడుతోందని
వేలు పెట్టి చూపించాను.
"గొట్టం సంగతి నీకెందుకే,
ఆ పిల్ల ఏడుపు చూడు" అంది.
చూశాను.
కాటుక రెండు నల్ల ఏర్లై గడ్డం దాకా వచ్చింది.
ప్రకటనల తర్వాత ఆ ఏర్లే
మళ్ళీ కళ్ళ దగ్గర్నుంచి బయల్దేరాయి.
అయినా నా గొంతులో ఏదో ముల్లు.

మా ఫ్యాక్టరీలో ఎవరూ ఇలా ఏడవరు.
మా వరుసలో పన్నెండుమందిమి, కత్తులు, నీలం టోపీలు.
కొడుకు ఎక్కిన పడవ తిరిగి రాదని తెలిసిన రోజు
సొయిలా "ఉప్పు అయిపోయింది" అంది. అంతే.
ఉప్పు తెచ్చిచ్చాం.
ఏ మేఘమూ ఉరమలేదు.
గాలి ఎవరి జుట్టునీ లేపలేదు,
టోపీల్లో ఉంది కదా జుట్టు.

ఆఖరి భాగం రోజు కరెంటు పోయింది.
సరిగ్గా చర్చి తలుపులు తెరుచుకున్నప్పుడు,
ఎప్పుడో చచ్చిపోయిన కవల చెల్లెలు బెలిసా
కంటికి నల్ల గంతతో, చేతిలో తుపాకీతో,
అక్క వేసుకున్న పెళ్ళిగౌనులాంటి గౌనులోనే
చీకటి.
వీధి వీధంతా ఒక్క గొంతుతో "అయ్యో" అంది.
అందులో ఎదురింటి పోలీసాయన గొంతు నేను పోల్చాను.

కొవ్వొత్తి వెలిగించేసరికి
పెద్దమ్మ కుర్చీ మీదికెక్కి ఉంది.
మోకాళ్ళ నొప్పుల మనిషి. టేబుల్ గుడ్డ ముసుగేసుకుని,
వేయించిన అరటికాయ చెక్కని తుపాకీలా గురిపెట్టి
"నన్ను బావిలోకి తోసి నా పేరుతో బతికావు కదే!" అంది.
కిటికీ దగ్గర పిల్లలు మూగారు.
"తొయ్యలేదు, నువ్వే జారిపడ్డావు!" అన్నాను,
రెనాటాని ఇక నేనే కనక.
ఎవరో మూకుడు మీద గరిటెతో ఉరుమేశారు.
పెద్దమ్మ గొంతు లేచింది,
ఇన్నేళ్ళలో బస్సు ఆపడానికైనా లేవని గొంతు.
"ఇరవై ఏడేళ్ళు! ఒక్క ఉత్తరం ముక్క లేదు!
ఆ చొక్కా ఇంకా ఇస్త్రీ చేసే ఉంది, ఎవారిస్తో!"

సీరియల్లో ఎవారిస్తో అనేవాడు లేడు.

గరిటె ఆగింది.
నా వంతు మాట నేను చెప్పాలి.
ఏం చెప్పాలో తెలీక, వాళ్ళు చేసినట్టే
చెయ్యి వెనక్కి తిప్పి నుదుటికి ఆనించి
మెల్లగా, గోడ వెంట జారుతూ, మూర్ఛపోయాను.
పిల్లలు చప్పట్లు కొట్టారు.
పెద్దమ్మ కుర్చీ దిగి
తుపాకీని రెండుగా తుంచి సగం నాకిచ్చింది.

కరెంటొచ్చేసరికి బట్టల సబ్బు ప్రకటన.
ఎవరు ఎవర్ని కాల్చారో మేం చూడనేలేదు.
రాత్రి షిఫ్టు బస్సులో తలా ఒకటి చెప్పారు:
రెనాటా పోయిందని, కాదు గుర్రం బొమ్మకి తగిలిందని,
తూటా అసలు చాక్లెట్‌దని.
సొయిలా అద్దంలోంచి రేవు దీపాలు చూస్తూ
"నేనైతే" అంది, "నేనైతేనా, సముద్రాన్ని కాల్చేదాన్ని."

వెనక సీట్లోంచి ఎవరో
నోటితో ఉరుమేశారు.